కేటగిరీ తగ్గితే ఎదుగుదల కూడా ఆగిపోవాలా?

సంపాదకులకు నమస్కారం.

మా ఆయన 24 ఏళ్లు రైలింజను మీద పనిచేశారు. 2018లో పీఎంఈకి, అంటే రైల్వేలో కొన్నేళ్లకోసారి చేసే మెడికల్‌కి వెళ్తే, షుగర్ వల్ల రెటీనా దెబ్బతిందని తేలింది. కొన్నాళ్లు ఆస్పత్రి చుట్టూ తిరిగాక ఏ-1 అనే మెడికల్ కేటగిరీ పోయి సీ-1 కాగితం చేతికొచ్చింది. ఇక ఇంజను ఎక్కకూడదు, ఆఫీసు పని చేసుకోవచ్చు. ఆ నిర్ణయం తప్పని నేను అనను. వెనక అంతమంది నిద్రపోతుంటే చూపు ఆనని మనిషి బండి నడపకూడదని ముందు అన్నది ఆయనే. నా బాధంతా ఆ తర్వాత జరిగినదాని గురించే.

రైల్వేలో ఏ-1 నుంచి సీ-2 దాకా మెడికల్ కేటగిరీలున్నాయి. లోకో పైలట్లకు ఏ-1 ఉండాల్సిందే. 45 ఏళ్లు వచ్చేదాకా నాలుగేళ్లకోసారి, ఆ తర్వాత 55 దాకా రెండేళ్లకోసారి, అటుపైన ఏటా పరీక్ష. ఫెయిలైతే ఉద్యోగం పోదు. వేరే పోస్టు దొరికేదాకా సూపర్‌న్యూమరరీ, అంటే అప్పటికి అదనంగా సృష్టించిన పోస్టులో ఉంచుతారు, రన్నింగ్ స్టాఫ్, అంటే బండి మీద పనిచేసేవాళ్లు అయితే బేసిక్‌కి 30 శాతం కలిపి జీతం కడతారు. బండి నడిపితే కిలోమీటర్ల లెక్కన వచ్చే అలవెన్సు, కిలోమీటరేజీ, పోయినా ఇల్లు గడిచింది, కాదనను.

కానీ జీతం నిలబెట్టినంత మాత్రాన సరిపోతుందా? కేంద్ర ప్రభుత్వ ఉద్యోగులకు ప్రమోషన్ రాకపోయినా 10, 20, 30 ఏళ్ల సర్వీసుకు ఎంఏసీపీ కింద పై జీతం ఇస్తారు. ఆయన 1994 ఫిబ్రవరిలో చేరారు కాబట్టి మూడోది 2024 ఫిబ్రవరికి రావాలి. ఫైలు పెడితే ఆఫీసువాళ్లు, మీరు ఈ సీట్లోకి వచ్చింది 2018లో కదా, అప్పట్నుంచి లెక్కెయ్యాలేమో అన్నారు. సర్వీసు మొదట రెగ్యులర్‌గా చేరిన రోజు నుంచే లెక్క అని రూల్లో ఉంది, అయినా ఆయన సర్వీసు రిజిస్టరులో ఆ పేజీ పక్కన ఎవరో పెన్సిల్‌తో పెట్టిన ప్రశ్నార్థకం చెరపడానికి 14 నెలలు, నాలుగు అర్జీలు పట్టాయి. ఇంజను మీద గడిపిన అన్ని రాత్రులూ ఆ పెన్సిల్ గీతకి లొంగిపోయినట్టు అనిపించింది నాకు.

సీనియారిటీ సంగతి ఇంకా తేలనేలేదు. సమానమైన గ్రేడులో చేసిన సర్వీసు కొత్త చోట సీనియారిటీకి కలపాలి. ఆయన పేరు మాత్రం లిస్టు చివర పెట్టారు, ప్రమోషన్లు ముందువాళ్లకి పోతున్నాయి.

దీనివల్ల జరిగే అసలు నష్టం బయటివాళ్లకి కనపడదు. కాజీపేటలోనైనా, బెజవాడలోనైనా, గుంతకల్లులోనైనా రైల్వే కాలనీలో ఏ ఇంటికెళ్లినా తెలుస్తుంది, పీఎంఈకి నెల ముందు నుంచి టెన్షన్ మొదలవుతుంది. షుగర్ వచ్చినా రైల్వే ఆస్పత్రిలో చూపించుకోరు, రికార్డులో పడుతుందని. ఊళ్లో ప్రైవేటు ల్యాబ్‌లో చేయించుకుని రిపోర్టు బీరువాలో బట్టల కింద దాస్తారు. మా ఇంట్లో రెండేళ్లు అదే జరిగింది, ఆ రెండేళ్లూ సరిగా మందులు వాడి ఉంటే చూపు ఇంతలా పోయేది కాదేమోనని ఇప్పటికీ అనుకుంటాను. కేటగిరీ పోతే మనిషిని పక్కన పడేస్తారన్న భయం లేకపోతే ఎవరూ దాచరు, బండికీ మంచిదే.

2016 వికలాంగుల హక్కుల చట్టం 20వ సెక్షన్ స్పష్టంగానే ఉంది. సర్వీసులో ఉండగా వైకల్యం వస్తే ఉద్యోగం తీసెయ్యకూడదు, హోదా తగ్గించకూడదు, కేవలం వైకల్యం ఉందని ప్రమోషన్ ఆపకూడదు. రంగులు గుర్తించలేడని తెలంగాణ ఆర్టీసీ ఇంటికి పంపేసిన డ్రైవరు కేసులో 2025 ఆగస్టులో సుప్రీంకోర్టు అదే గ్రేడు జీతంతో తగిన వేరే పని ఇవ్వమంది, 25 శాతం బకాయిలు కూడా కట్టమంది. ఆ డ్రైవర్ని ఇంటికి పంపింది 2016లో. న్యాయం దొరకడానికి తొమ్మిదేళ్లు, అదీ ఢిల్లీ దాకా వెళ్తే. అందరూ వెళ్లగలరా?

నేను అడిగేది పెద్ద కోరికేం కాదు. కొత్త పోస్టు ఇచ్చే ఆర్డరులోనే సీనియారిటీ లిస్టులో స్థానం ఎంతో, తర్వాతి ఎంఏసీపీ ఏ తేదీకి వస్తుందో, పాత సర్వీసు ఎంత కలిపారో రాసి సంతకం పెట్టండి. తర్వాత సీట్లోకి ఎవరొచ్చినా మళ్లీ మొదటినుంచి తిరగాల్సిన పని ఉండదు.

మా పక్క క్వార్టర్ అబ్బాయికి వచ్చే నెల పీఎంఈ. నిన్న వాళ్లావిడ వచ్చి, అన్నయ్యకి ఇచ్చిన ఆర్డరు ఒకసారి చూపించక్కా అంది. చూపించాను. పోస్టు పేరు, జీతం తప్ప అందులో ఇంకేమీ లేదు.

ఇట్లు,
ఒక రైల్వే ఉద్యోగి భార్య