మా అమ్మమ్మ చూసిన ‘దాసి’ని మా మనవరాలికీ చూపించండి

సంపాదకులకు నమస్కారం.

గత ఆదివారం మీ అనుబంధంలో ఇండిపెండెంట్ డైరెక్టర్ల మీద, అంటే మార్కెట్ లెక్కలు చూసుకోకుండా తమకు నచ్చిన సినిమా తీసేవాళ్ళ మీద, వచ్చిన వ్యాసం చదివాను. కొత్త పిల్లల గురించి బాగా రాశారు, సంతోషం. కానీ తెలుగులో ఈ తరహా సినిమా ఓటీటీలు వచ్చాకే మొదలైందన్న మాటకు నా మనసు ఒప్పుకోలేదు. నేను సిద్దిపేటలో ఉంటాను. ఇక్కడి నుంచి బస్సులో గంట ప్రయాణం చేస్తే గజ్వేల్ పక్కన ప్రజ్ఞాపూర్ వస్తుంది. సినిమా దర్శకుడు బి. నర్సింగరావు సొంతూరు అది. ఆ వ్యాసంలో ఆయన పేరు ఒక్క చోట కూడా లేదు.

ఆ పేరు నేను మొదట విన్నది 1980లో, డిగ్రీ చదివేటప్పుడు. హాస్టల్ అమ్మాయిలం పదకొండు మందిమి పొద్దుటాటకు వెళ్ళి ‘మా భూమి’ చూశాం. దర్శకుడు బెంగాల్ నుంచి వచ్చిన గౌతమ్ ఘోష్. నిర్మాతల్లో ఒకరు నర్సింగరావు. ప్రజాగాయకుడు గద్దర్ తెర మీద గొంతెత్తి పాడుతుంటే మా పక్క వరసలో ఒక ముసలాయన తలపాగా తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు. అది నాకు ఇప్పటికీ కళ్ళకు కట్టినట్టుంది. ఇవాళ రాష్ట్ర ప్రభుత్వం సినిమా అవార్డులు ఇస్తున్నది ఆ గద్దర్ పేరు మీదే. 1983లో నర్సింగరావు ‘రంగుల కల’తో తానే డైరెక్టర్ అయ్యారు. అందులో చిత్రకారుడి వేషం కూడా ఆయనే వేశారు. బయటా ఆయన చిత్రకారుడే, కవి కూడా.

నేను ఈ ఉత్తరం రాస్తున్నది మాత్రం ‘దాసి’ కోసం.

1988 నాటి సినిమా అది. కథ 1920ల నాటిది. దొరసాని పెళ్ళి చేసుకుని వస్తూ వెంట తెచ్చుకున్న ఆడపిల్ల కమలాక్షి గడిలో, అంటే దొర ఉండే కోటలాంటి ఇంట్లో, ఎట్లా బతికిందో చూపిస్తుంది. చాకిరీ ఆమెదే, రాత్రి దొర పిలిస్తే పోవలసిందీ ఆమే. కడుపు పండితే మాత్రం గడి ఆ బిడ్డను ఉండనివ్వదు. మాటలు చాలా తక్కువ. ఈ ఒక్క సినిమాకు ఐదు జాతీయ అవార్డులు వచ్చాయి: ఉత్తమ తెలుగు చిత్రం, నటి అర్చన, కెమెరా ఏకే బీర్, కళాదర్శకత్వం తోట వైకుంఠం, దుస్తులు సుదర్శన్. మిర్యాలగూడ సుదర్శన్ గారి పేరే ‘దాసి సుదర్శన్’ అయిపోయింది. అంతకుముందు ఏడాది తమిళ ‘వీడు’కు జాతీయ అవార్డు అందుకున్న అర్చన, ఈ సినిమాతో వరసగా రెండోసారి అందుకున్నారు.

అవార్డుల సంగతి నాకు తర్వాతెప్పుడో తెలిసింది. ముందు ఈ సినిమా విలువ తెలిసింది మా అమ్మమ్మ ద్వారా. అప్పట్లో ఆదివారం మధ్యాహ్నం దూరదర్శన్‌లో ఒక్కో భాష సినిమా వేసేవారు. 1990 ప్రాంతంలో ఒక ఆదివారం ‘దాసి’ వచ్చింది. మాకు టీవీ లేదు, పక్కింట్లో కూర్చున్నాం. ఎప్పుడూ పది నిమిషాలకే కునికిపాట్లు పడే అమ్మమ్మ గోడకు ఆనుకున్న వీపు తీసి ముందుకు జరిగింది. అర్చన చీర కట్టు చూస్తూ తన నడుం దగ్గర కొంగు తడుముకుంటోంది. “గిట్లనే కట్టేటోళ్ళం” అంది. కాసేపాగి, “గీ ముచ్చట్లు వీళ్ళకెవలు చెప్పిండ్రు బిడ్డా?” అని నన్నడిగింది.

ఆ రాత్రే ఆమె మొదటిసారి నోరు విప్పింది. పదేళ్ళ పిల్లగా ఒక దొరసాని వెంట ఆమెను గడికి పంపించారట. అరణంగా, అంటే పెళ్ళికూతురి వెంట పుట్టింటివాళ్ళు కానుకగా, ఇచ్చిన సామాను ఒకాయన పైకి చదివాడట: ఇత్తడి గంగాళాలు, పందిరి మంచం, రెండు పాడి బర్రెలు, ఆ తర్వాత ఈమె పేరు. అప్పటికి నాకు ముప్పై ఏళ్ళు. బడిలో పిల్లలకు పాఠాలు చెప్పుకునేదాన్ని. మా ఇంట్లోనే ఉన్న ఈ సంగతి నాకు తెలియదు, మా అమ్మకూ తెలియదు. అంతకాలం ఏ బంధువూ, ఏ పుస్తకమూ ఆమె నోట పలికించలేని మాటను ఒక సినిమా పలికించింది. నర్సింగరావు గారిని నేను ఎన్నడూ కలవలేదు. అయినా మా కుటుంబం ఆయనకు రుణపడి ఉంది.

1990లో ‘మట్టి మనుషులు’ వచ్చింది, ఊరు విడిచి పట్నం చేరి బిల్డింగులు కట్టే కూలీల కథ. 2003లో ‘హరివిల్లు’. మధ్యలో ‘మా ఊరు’ లాంటి డాక్యుమెంటరీలు. ఇరవై ఏళ్ళలో ఫీచర్ సినిమాలు నాలుగే. మార్కెట్ కోసం ఒక పాట, ఒక ఫైటు కలుపుకుని ఉంటే ఇంకో పది తీసేవారేమో, నాకు మాత్రం ఈ నాలుగే కావాలి.

మొన్న సంక్రాంతికి మా మనవరాలు తన ఫోన్లో ‘దాసి’ పెట్టింది. ఆమెకు దొరికిన కాపీలో రంగులు వెలిసిపోయాయి. గడిలో దీపం వెలుగు దగ్గర మనిషి ముఖమే కనపడదు. జాతీయ అవార్డు వచ్చిన కెమెరా పనితనం అది! పావుగంటలో పిల్ల విసుగుపడి లేచింది. తప్పు దానిది కాదు.

కేరళలో దర్శకుడు అరవిందన్ 1978లో తీసిన ‘తంపు’ను పాత సినిమాలను కాపాడే ఫిల్మ్ హెరిటేజ్ ఫౌండేషన్ వాళ్ళు బాగుచేస్తే 2022లో ఫ్రాన్స్‌లోని కాన్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో చూపించారు. పుణె ఫిల్మ్ ఆర్కైవ్ కూడా పాత సినిమాలను బాగుచేస్తోంది. నర్సింగరావు నాలుగు సినిమాలకూ అలాంటి మంచి కాపీలు తయారు చేయించి, ముందు సిద్దిపేట, గజ్వేల్, మిర్యాలగూడ హాళ్ళలో టికెట్ లేకుండా ఆడించమని రాష్ట్ర ప్రభుత్వాన్ని కోరుతున్నాను. సంవత్సరానికి ఒక రోజు చాలు. మీ పత్రిక పూనుకుంటే ఇది తొందరగా అవుతుంది.

మా వీధిలో తొంభై దాటిన ఒక అవ్వ ఉంది. చిన్నప్పుడు గడిలో నీళ్ళు మోసింది. ఆమెకు ఫోన్లో బొమ్మ ఆనదు. పెద్ద తెర మీద వేసే రోజు చెప్పండి, ఆటోలో కూర్చోబెట్టుకుని నేనే తీసుకొస్తాను.

ఒక రిటైర్డ్ తెలుగు టీచర్,
సిద్దిపేట