అల్లరి అనే మాట

విజయనగరం

ప్రియమైన సుజాతకు,

సిరిమానోత్సవం ఎలా జరిగిందని అడిగావు. దసరా తరువాతి మంగళవారం మూడు లాంతర్ల కూడలి దగ్గర ఇసుక వేస్తే రాలనంత జనం. డిగ్రీ చదువుతున్న మా మేనకోడలు తొలిసారి నాతో వచ్చింది. పొడవాటి సిరిమాను రెండోసారి కోట వైపు కదిలినప్పుడు, జనమంతా ఆ మాను చిటారున కూర్చున్న పూజారికి దండం పెడుతుండగా, ఆ పిల్ల నా ముంజేతిని గాజులు గుచ్చుకునేంత గట్టిగా పట్టుకుంది. ఇంటికి వచ్చాకే, వెనుక నుంచి ఎవరో తన ఒంటిని తడిమాడని చెప్పగలిగింది.

వదిన, "జనంలోకి వెళ్తే అలాంటివి మామూలే, ఎక్కడా అనకు" అంది. 2016 డిసెంబరు 31 రాత్రి బెంగళూరు వీధుల్లో ఆడపిల్లలపై చేతులు పడ్డప్పుడు అక్కడి హోంమంత్రి కూడా ఇలాంటివి జరుగుతూనే ఉంటాయన్నట్టు మాట్లాడారు. వదినను ఒక్కదాన్నే ఏమనను? మన అమ్మలు జాకెట్టు అంచుకు పిన్నీసు గుచ్చి పంపేవారే తప్ప, గట్టిగా అరవమని ఎన్నడైనా చెప్పారా?

మర్నాటి పేపరులో తప్పిపోయిన పిల్లల వార్త పక్కన నాలుగు వరుసలు: "ఉత్సవంలో ఆకతాయిల అల్లరి." మూడేళ్ల పిల్లవాడు అన్నం చల్లినా అల్లరే, ముక్కూ మొహం తెలియని మగవాడు ఆడపిల్ల ఒంటి మీద చెయ్యి వేసినా అల్లరేనా? సినిమాల్లో కథానాయకుడు చున్నీ లాగితే చిలిపితనం, హాస్యనటుడు బస్సులో రాసుకుంటే నవ్వులు. హాలులో మనమూ నవ్వాం కదే, అది తలచుకుంటే ఇప్పుడు సిగ్గుగా ఉంది. ఈవ్ టీజింగ్ అన్నది కూడా మెత్తని మాటేనని 2012 నవంబరు 30న ఇచ్చిన తీర్పులో సుప్రీంకోర్టే చెప్పింది. బస్టాండ్లలో, సినిమాహాళ్లలో, గుళ్ల దగ్గర మఫ్టీలో మహిళా పోలీసులను ఉంచాలని కూడా ఆదేశించింది. చట్టమైతే దాన్ని ఆటగా చూడదు: 2024 జూలై నుంచి అమలవుతున్న భారతీయ న్యాయ సంహితలోని సెక్షన్ 74 కింద ఇలా చెయ్యి వేసినవాడికి కనీసం ఏడాది, గరిష్ఠంగా ఐదేళ్ల జైలు.

ఇదంతా తెలిసిన నేనే, వదిన వద్దంటున్నా ఫిర్యాదు రాయడానికి కూర్చుని, మొదటి వరుసలోనే "ఎవరో అల్లరి చేశారు" అని రాశాను. పక్కనుంచి చూస్తున్న పిల్ల, "అత్తా, ఆ మాట కొట్టేయ్" అంది. కాగితం చింపేసి, ఎక్కడ, ఎప్పుడు, ఏ చోట చెయ్యి వేశాడో తను చెబుతుంటే ఉన్నదున్నట్టుగా రాశాను. నా చెయ్యి వణికింది గానీ దాని గొంతు వణకలేదు. వాడు దొరకడని వదిన అంటోంది, నిజమే కావచ్చు. ఆ కాగితం నకలు మాత్రం బీరువాలో దాచాను; సంక్రాంతికి వచ్చినప్పుడు చూపిస్తాను.

నీ
పద్మ