పుట్టపర్తి వారి పుస్తకాలు మా పిల్లలకు ఎప్పుడు దొరుకుతాయి? సాంస్కృతిక శాఖ మంత్రిగారికి బహిరంగ లేఖ

అయ్యా, మంత్రిగారికి నమస్కారం.

శివతాండవం రాసిన కవి పుట్టపర్తి నారాయణాచార్యులు గారి సమగ్ర రచనల సంపుటాల గురించి మేమిచ్చిన అర్జీలు మీ పేషీలో ఎక్కడో ఒకచోట ఉండే ఉంటాయి. ఒక్కదానికీ జవాబు రాలేదు కాబట్టి ఇలా అందరి ముందూ రాయాల్సి వస్తోంది. సంపుటాలు వేస్తామని జయంతి సభలో మైకు పట్టుకుని చెప్పింది మీ శాఖ పెద్దలే. సంతోషపడి చప్పట్లు కొట్టి ఇళ్లకు వచ్చాం. ఆ ఫైలు ఇప్పుడు ఏ బల్ల మీద ఉందో చెప్పే మనిషి లేడు. ఫోన్ చేస్తే ఇంకో సెక్షన్ అంటారు, ఆ సెక్షన్‌కి చేస్తే బడ్జెట్ అంటారు, బడ్జెట్ గురించి అడిగితే సార్ మీటింగ్‌లో ఉన్నారంటారు.

నేను కడప జిల్లాలో డిగ్రీ పిల్లలకు తెలుగు చెబుతాను. శివతాండవం గురించి ఎవరికీ చెప్పక్కర్లేదు. మా ప్రాంతంలో ఏ సాహిత్య సభ జరిగినా ఎవరో ఒకరు గొంతెత్తి అందుకుంటారు, వినేవాళ్ల కాళ్లు కూడా ఆ లయకి కదులుతాయి. ప్రొద్దుటూరు అగస్త్యేశ్వరాలయంలో పుట్టిన కావ్యమని పిల్లలకి చెబితే గర్వంగా వింటారు. చిక్కంతా ఆ తర్వాతే వస్తుంది. "ఇంకేం రాశారు సార్?" అని అడుగుతారు. పేర్లు గడగడా చెప్పగలను. పుస్తకం మాత్రం చేతికివ్వలేను.

అయ్యా, ఒక్క కావ్యంతో సరిపెట్టేసే మనిషా ఆయన? పెనుగొండలో ఉండగా పిల్లవాడుగానే పెనుగొండ లక్ష్మి రాశారు. తర్వాత విద్వాన్ పరీక్షకు కూర్చుంటే తన పుస్తకమే తనకు పాఠ్యగ్రంథం అయింది. తాజ్‌మహల్ కట్టించిన చక్రవర్తి దుఃఖం మీద షాజీ రాసిన చెయ్యే, జైల్లో ఉన్న ఖైదీ మేఘంతో కబురు పంపే మేఘదూతం రాసింది. అగ్నివీణ ఒకవైపు, ద్విపదలో పండరీ భాగవతం ఇంకోవైపు. మామూలు జనం పాడుకునేలా మాత్రాఛందస్సులో జనప్రియ రామాయణం రాస్తే దానికి 1979లో కేంద్ర సాహిత్య అకాడమీ అవార్డు వచ్చింది. మళ్లీ అదే మనిషి శ్రీనివాస ప్రబంధం లాంటి ప్రౌఢ కావ్యం కూడా రాశారు. ఇవన్నీ పద్యం వైపు సంగతులు. పద్యమైతే ఎవరి నోట్లోనో కొంతైనా బతికి ఉంటుంది.

నా బాధ ముఖ్యంగా వచనం గురించి. అభయప్రదానం అనే నవల రాశారని సాహిత్య చరిత్రల్లో ఒక వాక్యం ఉంటుంది, అంతే, ఆ నవల చదివిన విద్యార్థి నాకు ఇంతవరకూ తగల్లేదు. ప్రాకృత వ్యాసమంజరి తీసుకోండి. తెలుగులో ప్రాకృత సాహిత్యం గురించి మూలాలు చదివి రాయగలిగినవాళ్లు ఎందరున్నారు? విజయనగర కాలం జనజీవితం మీద రాసిన వ్యాసాలున్నాయి, పెనుగొండ కోట నీడలో పెరిగినవాడు రాసినవి, అవి మా సీమ చరిత్ర. ధర్మానంద కోశాంబి మరాఠీలో రాసిన బుద్ధుడి జీవితాన్ని తెలుగులోకి తెచ్చారు. విశ్వనాథ సత్యనారాయణ గారి నవల ఏకవీరను మలయాళంలోకి తీసుకెళ్లారు. ఇంగ్లిష్‌లో లీవ్స్ ఇన్ ద విండ్ పేరుతో కవితలు రాశారు. 14 భాషలు వచ్చని సభల్లో గొప్పగా చెబుతారే, ఆ భాషలతో ఆయన ఏం చేశారో చూపించే పుస్తకాలు ఏవండీ?

మా దగ్గర పరిశోధన చేస్తున్న ఒక అమ్మాయి ఆయన విమర్శ మీద పని పెట్టుకుంది. ఒక గ్రంథాలయంలో పుస్తకం కేటలాగులో ఉంది, బీరువాలో లేదు. ఇంకోచోట ఉంది కానీ ముట్టుకుంటే పేజీ విరిగిపోయేలా ఉంది, జిరాక్స్‌కి ఇవ్వలేం అన్నారు, వాళ్లను తప్పు పట్టలేను. చివరికి ఎవరో పెద్దాయన దగ్గర జిరాక్స్ దొరికింది. అది జిరాక్స్‌కి జిరాక్స్. ప్రతి పేజీలో కుడివైపు అక్షరాలు తెగిపోయాయి, సంస్కృత శ్లోకాలున్న చోటైతే ఒత్తులు కలిసిపోయి నల్లటి మరకలయ్యాయి. ఆ పిల్ల రాత్రుళ్లు కూర్చుని తెగిన అక్షరాలు ఊహించుకుంటూ నోట్సు రాసుకుంటోంది. ఇంటర్నెట్‌లో కొన్ని స్కాన్‌లు ఉన్నాయి, నిజమే, ఎవరో పుణ్యం కట్టుకున్నారు. వాటిలోనూ పేజీలు లేవు, ఉన్న పేజీలు వంకర. గైడ్‌కి చూపిస్తే మూలంతో సరిచూశావా అని అడుగుతారు. మూలం ఎక్కడుంది? ఆమెకు నెలల తరబడి ఇదే టెన్షన్. టాపిక్ మార్చుకోమని సలహా ఇచ్చినవాళ్లు కూడా ఉన్నారు. పుస్తకాలు దొరకడం లేదని ఒక రచయిత మీద పరిశోధన మానేసే పరిస్థితి మన భాషకు రావాలా?

మీ కార్యాలయంలో ఒకాయన కాపీరైట్ అని ఒక మాట అన్నారు. పుట్టపర్తి వారు 1990 సెప్టెంబర్ 1న పోయారు, మన చట్టం ప్రకారం రచయిత పోయిన తర్వాత 60 ఏళ్లు, అంటే 2050 చివరిదాకా హక్కులుంటాయి. అందాకా ఆగమంటారా? పక్కనే తమిళనాడు చూడండి. కవి సుబ్రహ్మణ్య భారతి మొదలుకొని ఎంతో మంది రచయితల రచనలను అక్కడి ప్రభుత్వం వారసులకు డబ్బిచ్చి జాతీయం చేసింది. ఆ తర్వాత ఎవరైనా అచ్చు వేసుకోవచ్చు, ఎవరైనా చదువుకోవచ్చు. దారి ఉందని దశాబ్దాల కిందే వాళ్లు చూపించారు. వారసులతో కూర్చుని గౌరవంగా మాట్లాడి ఒప్పందం చేసుకోవడం ప్రభుత్వానికి చేతకాని పనా?

శతజయంతి 2014 మార్చి 28న వచ్చింది. రాష్ట్రం రెండుగా చీలుతోంది, రాష్ట్రపతి పాలన నడుస్తోంది. ఆ హడావుడిలో పుస్తకాల సంగతి ఎవరు పట్టించుకుంటారని అప్పుడు మేమే సర్దుకున్నాం. ఆ తర్వాత ఎన్నికలు వచ్చాయి, ప్రభుత్వాలు మారాయి, మంత్రులు మారారు. సెప్టెంబర్, మార్చి వస్తే విగ్రహానికి దండ పడుతుంది, ఫోటోలు దిగుతారు, సరస్వతీపుత్రుడని పొగుడుతారు. దండలు వద్దని నేననను. ఆ దండ వేసే చేత్తోనే ఒక సంతకం కూడా పెట్టమంటున్నాను.

మేం అడిగేది అర్జీల్లో ఉంది, మళ్లీ చెబుతున్నాను. ఆయన రచనలన్నీ సంపుటాలుగా రావాలి. వచనం ముందు రావాలి, ఎందుకంటే ముందు పోయేది అదే. పాత పత్రికల్లో పడి ఉన్న వ్యాసాలు వెతికించాలి, ఆ పని తెలిసిన పెద్దవాళ్లు ఇంకా మన మధ్య ఉండగానే వెతికించాలి. శుభ్రమైన స్కాన్‌లు అందరికీ ఉచితంగా అందాలి. డబ్బు లేదంటే మొదటి ఏడాది ఒక్క సంపుటమే వేయండి, ప్రాకృత వ్యాసాలూ విమర్శా కలిపి వేయండి, ఆ అమ్మాయి థీసిస్ ఇచ్చేలోపైనా వేయండి. అమ్ముడుపోవని ఎవరైనా చెబితే నమ్మకండి. మా జిల్లాలోని ప్రతి తెలుగు మాస్టారుతో ఒక కాపీ కొనిపించే పూచీ నాది.

అయ్యా, మీరు చదువుకున్నవారు, మీ ఉపన్యాసాల్లో పద్యాలు చెబుతారని విన్నాను. దయచేసి ఆ ఫైలు తెప్పించుకోండి. సంపుటాలు వేస్తారో లేదో, వేస్తే మొదటిది ఎప్పటికి వస్తుందో తేదీ వేసి రాతపూర్వకంగా చెప్పండి. వేయలేమంటే అదైనా చెప్పండి, మేమే చందాలు వేసుకుని మొదలుపెడతాం.

ఇట్లు,
కడప జిల్లా తెలుగు అధ్యాపకుడు ఒకరు