బెయిల్ వచ్చినా జైల్లోనే ఉండిపోతున్నారు

ఎడిటర్ గారికి నమస్కారం,

బైకులో, సెల్‌ఫోన్లో, మోటార్ వైర్లో ఎత్తుకెళ్ళాడని పట్టుకున్నవాడికి షరతులతో బెయిల్ ఇచ్చారని పేపర్లో వార్త పడితే చాలు, పోలీసులు పట్టుకుంటే కోర్టు వదిలేసిందని జనం తిట్టుకుంటున్నారు. పొలంలో వైరు పోయిన రైతుకి కడుపు మండుతుంది, అది న్యాయమే. నేను కోర్టు ఎదురుగా జిరాక్స్, టైపింగ్ షాపు నడుపుతున్నానండి, జామీను పేపర్లు ఎక్కువగా నా దగ్గరే తయారవుతాయి, అందుకని నేను చూసేది రాస్తున్నా.

బెయిల్ ఆర్డర్ వచ్చినంత మాత్రాన మనిషి బయటికి రాడు. వారానికోసారి స్టేషన్‌లో సంతకం పెట్టాలి, సాక్షుల జోలికి పోకూడదు, వాయిదాకి రావాలి, ఇవన్నీ ఉండాల్సినవే, ఎవరూ కాదనరు. చిక్కంతా ఇద్దరు జామీనుదార్లు కావాలి, అదీ లోకల్ వాళ్ళే కావాలి అన్న దగ్గరే వస్తోంది. ఒడిశా నుంచి బిల్డింగ్ పనికొచ్చిన కుర్రాడికి ఇక్కడ సొంతిల్లున్న ఇద్దరు ఎవరు దొరుకుతారు చెప్పండి, దొరికినా వాళ్ళు ఇంటి పన్ను రసీదు, పంచాయతీ సెక్రటరీ ఇచ్చే వాల్యుయేషన్ సర్టిఫికెట్, ఆధార్, ఫోటోలు పట్టుకుని పని మానుకుని కోర్టుకి రావాలి, దొంగతనం కేసంటే సొంత బావమరిది కూడా మొహం చాటేస్తాడు. చివరికి డబ్బులు తీసుకుని జామీను పడే బ్రోకర్లు తగులుకుంటారు, వాడి ఇంటి ఆడమనిషి చెవి కమ్మలు తాకట్టు పెట్టి వాళ్ళకి కడుతుంది, ఆ బ్రోకర్లు కోర్టులో పెట్టే ఇంటి పన్ను రసీదుల్లో దొంగవి కూడా ఉంటాయి. అది ఇంకో నేరం కాదా?

ఈ బాధ కొత్తది కాదు. 1978లో మోతీరామ్ అనే తాపీమేస్త్రికి సుప్రీంకోర్టు బెయిల్ ఇమ్మంటే కింద మేజిస్ట్రేట్ పదివేలకి జామీను అడిగారు, వాళ్ళన్నదమ్ముడు వస్తే నీ ఆస్తి వేరే జిల్లాలో ఉందని ఒప్పుకోలేదు. జస్టిస్ కృష్ణయ్యర్ గారు అది తప్పని చెప్పి వెయ్యి రూపాయల సొంత పూచీకత్తు మీద వదలమన్నారు, దక్షిణాది మనిషిని ఎక్కడో బస్తర్‌లోనో పోర్ట్‌బ్లెయిర్‌లోనో పట్టుకుంటే అక్కడ ఆస్తున్న జామీనుదారుని ఎక్కణ్ణుంచి తెస్తాడని ఆ తీర్పులోనే అడిగారు. మళ్ళీ 2023 జనవరి 31న సుప్రీంకోర్టు, బెయిల్ వచ్చిన వారంలో మనిషి విడుదల కాకపోతే జైలు సూపరింటెండెంట్ పేదలకి ఉచితంగా న్యాయసాయం చేసే జిల్లా న్యాయ సేవాధికార సంస్థకి చెప్పాలంది, నెలలో జామీను ఇవ్వలేకపోతే కోర్టే షరతులు సడలించే విషయం చూడొచ్చంది, లోకల్ జామీను కోసం పట్టుబట్టడం వల్ల కూడా విడుదల ఆలస్యమవుతోందని చెప్పింది. నలభై అయిదేళ్ళ తర్వాత కూడా మళ్ళీ చెప్పాల్సొచ్చిందండి.

మామూలు దొంగతనానికి గరిష్ఠ శిక్షే మూడేళ్ళు. మొదటిసారి కేసైన వాడు అందులో మూడో వంతు, అంటే ఏడాది పాటు జైల్లో ఉంటే బాండు మీద వదలాలని సీఆర్‌పీసీ బదులు వచ్చిన కొత్త చట్టం బీఎన్ఎస్ఎస్ 479 సెక్షన్‌లో ఉంది. జామీను దొరక్క ఆ ఏడాదీ లోపలే గడిచిపోయి రేపు కేసు కొట్టేస్తే ఆ కుటుంబానికి ఎవరు సమాధానం చెప్తారు?

సొత్తు పోగొట్టుకున్నవాళ్ళ మాట కూడా చెప్పాలి. దొరికిన బైకు స్టేషన్ ఆవరణలో తుప్పు పడుతుంటే వాళ్ళకేం ఒరిగినట్టు? ఫోటోలు, పంచనామా తీసుకుని నెల లోపే ఇలాంటి సొత్తు ఓనర్‌కి ఇచ్చేయొచ్చని 2002లోనే సుప్రీంకోర్టు చెప్పింది. నిందితుణ్ణి లోపల ఉంచడం కంటే ముందు వాళ్ళకి కావాల్సింది ఇదే అని నాకనిపిస్తుంది.

మీ పేపర్‌కి నా విన్నపం ఒకటే. బెయిల్ వార్త వేసేటప్పుడు ఏ షరతులు పెట్టారో, ఆ మనిషి నిజంగా బయటికి వచ్చాడో లేదో కూడా కనుక్కుని రాయండి, కేసు తేలకముందే హెడ్డింగ్‌లో దొంగ అని వేయకండి. జామీను డబ్బులేని పేద ఖైదీకి కేంద్రం స్కీమ్ కింద సాయం ఉందని మా షాపుకొచ్చేవాళ్ళలో చాలామందికి తెలియదు, ఉచిత లాయర్ కోసం 15100కి ఫోన్ చేయొచ్చనీ తెలియదు, ఈ రెండూ ఆ వార్త కిందే ఒక బాక్స్‌లో వేయండి.

ఒక పాఠకుడు,
గుంటూరు జిల్లా