ఏడు రోజుల తర్వాత ఆ కాలు ఏమైంది?

సంపాదకులకు నమస్కారం.

హైదరాబాద్–విజయవాడ రహదారి మీద ప్రమాదం జరిగితే మరునాడు జిల్లా పేజీలో వార్త వస్తుంది. ‘ఇద్దరు మృతి, నలుగురికి తీవ్ర గాయాలు’. పోయిన వాళ్ల పేరు, ఊరు, వయసు అన్నీ ఉంటాయి. ఆ నలుగురు ఏమయ్యారన్నది మాత్రం మళ్లీ ఎక్కడా కనిపించదు. పత్రికలను తప్పుపట్టడానికి ఇది రాయడం లేదు. ఆసుపత్రి కాగితాల్లోనే లేని సంగతి పత్రికల్లోకి ఎక్కడి నుంచి వస్తుంది?

నేను హైదరాబాద్‌లో మెడికల్ కోడర్‌ని. అమెరికా ఆసుపత్రుల చార్టులు చదివి, రోగానికి ఏ కోడు (అక్షరాలు, అంకెలు కలిపిన గుర్తు), చికిత్సకు ఏ కోడు అన్నది తేల్చడం నా ఉద్యోగం. మా బృందానికి వచ్చేవి ఎముకల విభాగం చార్టులు. కారు గుద్దుకుని కాలో చెయ్యో విరిగి, ఆపరేషన్ అయ్యాక మళ్లీ మళ్లీ చూపించుకోవడానికి వచ్చే వాళ్లవి వాటిలో చాలానే ఉంటాయి.

2015 అక్టోబరు 1 నుంచి అక్కడ వాడుతున్న పద్ధతిలో గాయాల కోడుకు చివర ఏడో స్థానంలో ఒక అక్షరం వేయాలి. అక్షరం ఒక్కటే గానీ మా పనిలో సగం తలనొప్పి దానితోనే. ఉదాహరణకు కుడి మోకాలి కింద పెద్ద ఎముక ముక్కలై పక్కకు జరిగితే ఎస్82.251. చర్మం చీలకుండా ఎముక విరిగితే, చికిత్స సాగుతున్నంత కాలం చివర ‘ఎ’ వస్తుంది. ‘ఎ’ అంటే మొదటిసారి వచ్చినప్పుడు వేసేది అని కొత్తగా చేరిన పిల్లలందరూ అనుకుంటారు. కాదు. పదో రోజున వేరే డాక్టరు దగ్గరికి వెళ్లి ఆపరేషన్ చేయించుకున్నా అది ‘ఎ’నే. చికిత్స ముగిసి, మానుతోందా లేదా చూపించుకోవడానికి వస్తే అప్పుడు అక్షరం మారుతుంది. మామూలుగా అతుక్కుంటుంటే ‘డి’, ఆలస్యమవుతుంటే ‘జి’, అసలు అతుక్కోకపోతే ‘కె’, వంకరగా అతుక్కుంటే ‘పి’. ఏళ్ల తర్వాత ఆ దెబ్బ వల్ల నొప్పో కుంటో మిగిలిపోతే ‘ఎస్’. అప్పుడు ఇప్పటి బాధకు ముందు ఒక కోడు వేసి, దాని వెనకే పాత గాయం కోడు వేయాలి.

దీనికి తోడు ప్రమాదం ఎలా జరిగిందో చెప్పే కోడు ఒకటి ఉంటుంది. కారు నడుపుతూ ఇంకో కారును ఢీకొని గాయపడిన వాడు తిరిగి చూపించుకోవడానికి వస్తే వి43.52ఎక్స్‌డి. మధ్యలో ఆ ‘ఎక్స్’కు అర్థమేమీ లేదు, ఖాళీ స్థానం నింపడానికే. ఎక్కడ జరిగిందన్న కోడు మొదటిసారి వేస్తే చాలు, ఎలా జరిగిందన్నది మాత్రం చికిత్స సాగినంత కాలం వెంట నడవవచ్చు. డబ్బు కోసం బీమా కంపెనీకి పంపే క్లెయిమ్ ఫారం పదో గడిలో ‘ఇది వాహన ప్రమాదమా, ఏ రాష్ట్రంలో’ అన్న ప్రశ్న కూడా ఉంటుంది.

ఇదంతా అమెరికా వాళ్లకు రోగి మీద ఉన్న ప్రేమ అని నేను చెప్పను. ఆరోగ్య బీమా కంపెనీ కట్టాలా, కారు బీమా కంపెనీ కట్టాలా అన్న పేచీ తేల్చుకోవడానికే ఇందులో చాలా భాగం. ప్రమాద కారణం కోడు దేశమంతటా తప్పనిసరి కూడా కాదు. అయినా ఆ పేచీ పుణ్యమా అని ఒక మేలు జరుగుతోంది. మొదటి రోజు విరిగిన ఎముక, ఏడాది తర్వాత కూడా అతుక్కోని ఎముక ఒకటేనని కాగితం చూడగానే తెలిసిపోతుంది.

ఇక మన దగ్గరికి వద్దాం. మా బావగారు తాపీమేస్త్రి. చౌటుప్పల్ దగ్గర ఆయన బండిని వెనక నుంచి కారు గుద్దింది. నేను పైన చెప్పిన ఎముకే, కాకపోతే ఎడమ కాలు. చేర్చిన రోజున ఆసుపత్రి వాళ్లు మెడికో లీగల్ కేసు, అంటే పోలీసులకు తెలపాల్సిన కేసు అని నంబరు వేశారు, పోలీసులకు కబురు పంపారు. రాడ్డు వేశారు. టైపు చేసిన డిశ్చార్జ్ సమ్మరీ ఇచ్చారు. అందులో ప్రమాదం తేదీ, సమయం, గాయం వివరాలు అన్నీ సక్రమంగానే ఉన్నాయి.

ఆ తర్వాత మొదలైంది అసలు కథ. చూపించుకోవడానికి వెళ్లిన ప్రతిసారీ కొత్త ఓపీ చీటీ, కొత్త నంబరు. ఆ చీటీలు మా అక్క ఒక ప్లాస్టిక్ సంచిలో దాచింది. నేను కోడర్ కళ్లతో చదివాను. ఒకదాని మీద ‘ఎక్స్‌రే చూశాను, నెల తర్వాత రావాలి’. ఇంకోదాని మీద కాల్షియం మాత్రలు, నొప్పి మాత్రలు, సంతకం. మరోదాని మీద ‘కాలు మీద బరువు పెట్టవచ్చు’ అని ఉంది గానీ ఏ కాలో లేదు. చివరికి ఎముక అతుక్కోలేదని తేలి, ఇంకో ఆసుపత్రిలో తుంటి నుంచి కొంత ఎముక తీసి అక్కడ పెట్టారు. ఆ కాగితం మీద ‘ఎముక అతుక్కోలేదు’ అని ఉంది. ఎందుకు విరిగిందో, ఎప్పుడు విరిగిందో ఎక్కడా లేదు.

నష్టపరిహారం కేసులో బీమా కంపెనీ లాయరు సరిగ్గా అక్కడే పట్టుకున్నాడు. ఈ రెండో ఆపరేషన్‌కూ ఆ ప్రమాదానికీ సంబంధం ఏమిటి, మధ్యలో ఇంకెక్కడైనా పడ్డాడేమో అన్నాడు. అతని వృత్తి అది, తప్పనను. కానీ జవాబు చెప్పాల్సిన కాగితం మూగదైపోతే మేస్త్రి ఏం చెబుతాడు? మొదటి డాక్టరు అప్పటికే వేరే ఊరు వెళ్లిపోయారు. సుప్రీంకోర్టు 2010లో రాజ్‌కుమార్ వర్సెస్ అజయ్ కుమార్ కేసులో ఏయే పద్దుల కింద పరిహారం ఇవ్వాలో వివరంగా చెప్పింది. భవిష్యత్తులో అయ్యే వైద్యం ఖర్చు అందులో ఒక పద్దు. అయితే గాయం తీవ్రమైనదై ఉండి, దానికి నిర్దిష్టమైన వైద్య సాక్ష్యం ఉంటేనే ఆ పద్దు కింద ఇస్తారు. ‘నెల తర్వాత రావాలి’ అన్నది ఏ కోర్టులో సాక్ష్యమవుతుంది?

కేంద్రం 2025 మేలో రోడ్డు ప్రమాద బాధితులకు నగదు రహిత చికిత్స పథకం తెచ్చింది. ప్రమాదం జరిగిన రోజు నుంచి ఏడు రోజుల వరకు, ఒక్కొక్కరికి లక్షన్నర రూపాయల దాకా. మంచి పథకం. డబ్బు కడితేనే లోపలికి రానిస్తామనే ఆసుపత్రుల ముందు ఎంత మంది ప్రాణాలు పోయాయో మనకు తెలుసు. కానీ ఎముక విరిగిన వాడికి ఏడు రోజులంటే కుట్లు కూడా ఆరవు. నడవడం నేర్పే ఫిజియోథెరపీ, అతుక్కోని ఎముకకు రెండో ఆపరేషన్, ఆ తర్వాత రాడ్డు తీయడం అన్నీ ఎనిమిదో రోజు తర్వాతే. కుటుంబాలు అప్పుల్లో పడేదీ అప్పుడే.

ఎంత మంది అలా పడుతున్నారో చెప్పే లెక్క ఉందా? కేంద్ర రవాణా శాఖ నివేదిక ప్రకారం 2022లో దేశంలో రోడ్డు ప్రమాదాల్లో 1,68,491 మంది చనిపోయారు, 4,43,366 మంది గాయపడ్డారు. ప్రమాదం జరిగిన 30 రోజుల్లోపు పోతేనే మొదటి లెక్కలోకి వస్తారు. రెండో లెక్కలో ఉన్న వాళ్లలో ఎవరు మళ్లీ పనికి వెళ్లారో, ఎవరు మంచాన పడ్డారో ఆ నివేదికలో వెతికితే దొరకదు. పోలీసు, రవాణా, రహదారులు, ఆరోగ్య శాఖలు నాలుగూ కలిసి వాడేలా ప్రమాదాల వివరాల కంప్యూటర్ వ్యవస్థ ఇప్పటికే నడుస్తోంది. అందులో గాయపడిన వాడి పేరు మీద తర్వాతి వైద్యానికి కూడా నాలుగు గడులు పెట్టడానికి కొత్త చట్టం అక్కర్లేదు.

డాక్టర్ల ఇబ్బంది నాకు తెలియనిది కాదు. ప్రభుత్వ ఆసుపత్రి ఎముకల ఓపీలో గది బయట వరండా చివరి దాకా వరస ఉంటుంది. ఒక్కొక్కరి మీద పేరాలు రాయమంటే ఎవరూ రాయలేరు. అమెరికా వాళ్ల డెబ్బై వేల కోడ్లు మనకెందుకు, వాటితో వేగేది నేను చాలు. మనకు ఒక రబ్బరు ముద్ర సరిపోతుంది. ప్రమాదం తేదీ, మెడికో లీగల్ నంబరు, ఏ వైపు ఏ ఎముక, అతుక్కుంటోందా, ఆలస్యమా, అతుక్కోలేదా, వంకరా. డాక్టరు నింపాల్సింది ఒక్క టిక్కు. మిగతాది చీటీ రాసే కౌంటరులోనే అవుతుంది, పాత డిశ్చార్జ్ సమ్మరీ రోగి చేతిలోనే ఉంటుంది కాబట్టి. రెండు రాష్ట్రాల వైద్య ఆరోగ్య శాఖలూ జిల్లా ఆసుపత్రుల్లోనైనా దీన్ని మొదలుపెట్టాలని కోరుతున్నాను.

అంతదాకా, ఇంట్లో ప్రమాదానికి గురైన వాళ్లున్న పాఠకులకు ఒక మాట. చూపించుకోవడానికి వెళ్లిన ప్రతిసారీ చీటీ మీద ‘ఫలానా తేదీన రోడ్డు ప్రమాదంలో తగిలిన గాయానికి’ అన్న ముక్క రాయమని డాక్టరుగారిని అడగండి. విసుక్కున్నా అడగండి. ఓపీ చీటీలు ఫోనులో ఫొటో తీసి పెట్టుకోండి, కొన్నాళ్లకు సిరా వెలిసిపోతుంది. ఎక్స్‌రే ఫిల్ముల మీద పేరు, తేదీ సరిగా పడ్డాయో లేదో కౌంటరు దగ్గరే చూసుకోండి. మా బావగారి ఫిల్ముల్లో ఒకదాని మీద పేరు వేరేవాళ్లది ఉంది.

— ఒక మెడికల్ కోడర్, ఉప్పల్, హైదరాబాద్
(ఉద్యోగ నిబంధనల కారణంగా పేరు ప్రచురించవద్దని మనవి)