ఆమె అరవడం లేదు బావా

ఒరేయ్ బావా,

మొన్న నువ్వు ఫోన్ చేసినప్పుడు వెనకాల వస్తున్న పాట విని "ఎవర్రా ఆవిడ, అలా అరుస్తోంది?" అన్నావు. నీకేదో పని ఉండి పెట్టేశావు కానీ, ఆ మాట నాకు రెండ్రోజులు మనసులోంచి పోలేదు. అందుకే తీరిగ్గా కూర్చుని రాస్తున్నాను.

ఆవిడ బిర్గిట్ నిల్సన్. స్వీడన్ ఆపెరా గాయని. ఆపెరా అంటే కథంతా పాటలతోనే నడిచే నాటకం. ఆపెరాలో మైకు ఉండదు బావా. స్టేజి ముందు గుంటలో వందమంది దాకా వాయిస్తుంటారు, పాడేవాళ్ల గొంతు ఆ హోరు దాటి చిట్టచివరి వరుస దాకా వెళ్లాలి. జర్మన్ స్వరకర్త వాగ్నర్ ఆపెరాలైతే నాలుగైదు గంటలు. అరిచేవాళ్ల గొంతు మొదటి అంకంలోనే పోతుంది. ఈవిడ 1946లో మొదలుపెట్టి 1984 దాకా పాడింది.

1918లో దక్షిణ స్వీడన్‌లోని స్కోనె ప్రాంతంలో, రైతు కుటుంబంలో పుట్టింది. ఒక్కతే కూతురు. పొలం చూసుకుంటుందని నాన్న ఆశ. దుంపలు నాటుతూ పెరిగిన పిల్ల చర్చిలో పాడుతుంటే సంగీతం మాస్టారు ఒకాయన విని పాఠాలు నేర్చుకోమన్నాడు. అలా 1941లో స్టాక్‌హోమ్ రాయల్ అకాడమీకి చేరింది.

అక్కడే నాకు కడుపు తరుక్కుపోతుంది. గురువులు గొంతును బలవంతంగా నొక్కి పాడించారు. తన మొదటి గురువు తనను దాదాపు చంపేశాడని తర్వాత ఆవిడే చెప్పుకుంది. తొలి అవకాశం కూడా ఎలా వచ్చిందనుకున్నావు? వేరే గాయనికి ఒంట్లో బాగోలేకపోతే, మూడు రోజుల ముందు పిలిచి పాడమన్నారు. వాద్యబృందాన్ని నడిపించే కండక్టర్ ఎంత మాటలన్నాడంటే ఆవిడకు చచ్చిపోదామనిపించిందట. మరుసటి ఏడు 'మాక్‌బెత్' ఆపెరాలో లేడీ మాక్‌బెత్ పాత్రతో నిలదొక్కుకుంది. నేర్పినవాళ్లు పాడుచేసిన గొంతును తనే బాగుచేసుకుంది చూడు, నాకు ఆవిడంటే ఇంత ఇష్టం అందుకే.

1959 డిసెంబర్‌లో న్యూయార్క్ మెట్రోపాలిటన్ ఆపెరా హౌస్‌లో, వాగ్నర్ 'ట్రిస్టన్' కథానాయిక ఇసోల్డెగా మొదటిసారి పాడితే, మర్నాడు న్యూయార్క్ టైమ్స్ మొదటి పేజీలో ఆ వార్త వేసింది. ఆ నెలలోనే ఇంకో ముచ్చట జరిగింది. కథానాయకుడు ట్రిస్టన్‌గా పాడాల్సిన ముగ్గురు టెనర్లకూ (హెచ్చు స్థాయిలో పాడే మగ గాయకులు) ఒకేసారి జబ్బు చేసింది. ఎవరికీ మొత్తం పాడే ఓపిక లేదు. చివరికి అంకానికి ఒకరు చొప్పున ముగ్గురూ సరిపెట్టారు. ఈవిడ మాత్రం మూడు అంకాలూ ఒక్కతే పాడింది! అంత పాత్ర మోయడానికి ఏం కావాలని ఎవరో అడిగితే, కాళ్లకు సుఖంగా ఉండే చెప్పులు కావాలందట. రైతుబిడ్డ మాట అది. ఇసోల్డె తనకు పేరిచ్చిందనీ, పుచ్చీని ఆపెరాలోని రాకుమారి టూరన్‌డాట్ డబ్బిచ్చిందనీ కూడా అనేది.

డెక్కా రికార్డుల కంపెనీ కోసం సోల్టి అనే కండక్టర్ రికార్డు చేసిన, వాగ్నర్ నాలుగు ఆపెరాల వరస 'రింగ్'లో కథానాయిక బ్రున్‌హిల్డె ఈవిడే. నేను మొదట విన్నది అదే. పై స్థాయికి వెళ్లేకొద్దీ మిగతావాళ్ల గొంతు సన్నబడుతుంది, ఈవిడది ఇంకా విచ్చుకుంటుంది. ఉక్కులా ఉంటుందని అందరూ అంటారు కానీ, మెల్లగా పాడే చోట్ల ఎంత లేతగా ఉంటుందో ఎవరూ సరిగ్గా చెప్పరు.

2005 క్రిస్మస్ రోజున, 87 ఏళ్ల వయసులో పోయింది. అంత్యక్రియలు అయ్యాకగానీ లోకానికి తెలియలేదు. పుట్టిన ఊరి చర్చి పక్కనే సమాధి. తను వదిలివెళ్లిన సొమ్ముతో ఇప్పుడు సంగీతకారులకు పది లక్షల డాలర్ల బహుమతి ఇస్తున్నారు. స్వీడన్ 500 క్రోనాల నోటు మీద ఉన్న బొమ్మ కూడా ఆవిడదే.

నాకోసం ఒక్క పని చెయ్యి బావా. 1966లో జర్మనీలోని బైరాయిట్‌లో కార్ల్ బోమ్ కండక్ట్ చేసిన 'ట్రిస్టన్' రికార్డింగు దొరుకుతుంది. అందులో చివరి ఏడు నిమిషాలు, ఇసోల్డె ప్రియుడి శవం పక్కన పాడేది, పిల్లలు పడుకున్నాక ఇయర్‌ఫోన్స్ పెట్టుకుని విను. ఫోన్ స్పీకర్‌లో మాత్రం వద్దు. విన్నాక ఎంత రాత్రయినా సరే ఫోన్ చెయ్యి, మేలుకునే ఉంటాను.

నీ
బావ