ఫస్ట్ ఎయిడ్ కిట్ ఏదండీ?

సంపాదకులకు నమస్కారం.

యుద్ధ ప్రాంతాల్లో డాక్యుమెంటరీలు తీసేవాళ్ల మీద ఆదివారం అనుబంధంలో మీరు వేసిన వ్యాసం చదివాను. బాగానే ఉంది కానీ, పేజీ నిండా ‘ప్రాణాలకు తెగించి’ అన్న మాటే. బ్రిటిష్ ఫొటోగ్రాఫర్, డాక్యుమెంటరీ దర్శకుడు టిమ్ హెథరింగ్టన్ గురించి కూడా లిబియాలో చనిపోయాడని రెండు లైన్లు రాసి వదిలేశారు. బతికుండగా ఏం చేశాడో చెప్పాలి కదండీ.

2007లో అమెరికన్ రచయిత సెబాస్టియన్ యుంగర్‌తో కలిసి అఫ్ఘానిస్తాన్‌లోని కొరెంగల్ లోయకు వెళ్లాడు. ఒకసారి వెళ్లి నాలుగు షాట్లు తీసుకుని వచ్చేయడం కాదు, ఏడాది పొడవునా ఒకరు కాకపోతే ఒకరు మళ్లీ మళ్లీ వెళ్లి అదే అమెరికన్ ప్లటూన్‌తో (చిన్న సైనిక దళం) అదే కొండ మీద ఉన్నారు. ఒకసారి కాలు విరిగితే హెథరింగ్టన్ ఆ కాలుతోనే రాత్రంతా నడిచి కొండ దిగాడు. అలా వచ్చిందే ‘రెస్ట్రెపో’ డాక్యుమెంటరీ. 2010లో సన్‌డాన్స్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో బహుమతి, తర్వాత ఆస్కార్ నామినేషన్. నాకైతే అందులో కాల్పులకంటే, ఏమీ తోచక కుర్రాళ్లు కుస్తీలు పట్టడం, డాన్సులు వేయడమే గుర్తుండిపోయింది. వాళ్లు నిద్రపోతుంటే ఫొటోలు కూడా తీశాడు. చూశారా అవి? హెల్మెట్ లేదు, తుపాకీ లేదు, మంచం మీద పిల్లలు పడుకున్నట్టే ఉంటారు. ఎన్నాళ్లు పక్కన ఉంటే అలా నిద్రపోతున్నప్పుడు కెమెరా పెట్టనిస్తారు!

లైబీరియాలోనూ అంతే. 2003లో అంతర్యుద్ధం చిత్రీకరించి సామాను సర్దుకోలేదు, ఆ తర్వాత ఏళ్ల తరబడి అక్కడే ఉన్నాడు, ఐక్యరాజ్య సమితి ఆంక్షల కమిటీకి దర్యాప్తు పని కూడా చేశాడు. దీన్ని తెగువ అంటామో ఓపిక అంటామో మీరే చెప్పండి.

ఇక లిబియా. 2011 ఏప్రిల్ 20న మిస్రాటాలో జరిగిన పేలుడులో ఆయనా, ఫొటోగ్రాఫర్ క్రిస్ హోండ్రోస్ కూడా పోయారు. హెథరింగ్టన్ అక్కడికక్కడే పోలేదు. ఆస్పత్రికి తీసుకెళ్తుంటే దారిలో రక్తం కారిపోయి చనిపోయాడు. రక్తం ఆపడం పక్కనున్నవాళ్లకు తెలిసి ఉంటే బతికేవాడేమో అన్న మాట విన్నాక యుంగర్ ఊరుకోలేకపోయాడు, ఫ్రీలాన్సర్లకు ఉచితంగా ప్రథమ చికిత్స నేర్పే ‘రిస్క్’ అనే శిక్షణ మొదలుపెట్టాడు. పెద్ద ఛానెల్ మనిషికి శిక్షణ, ఇన్సూరెన్స్ అన్నీ ఆఫీసు చూసుకుంటుంది, ఫ్రీలాన్సర్‌కి ఎవరు చూస్తారు? మీ వ్యాసంలో ఇది ఒక్క ముక్కా లేదు.

పైగా ‘వాళ్ల బ్యాగులో ఏముంటాయి?’ అని ఒక బాక్సు పెట్టారు. కెమెరా, రెండు లెన్సులు, బ్యాటరీలు, బుల్లెట్‌ప్రూఫ్ జాకెట్. ఫస్ట్ ఎయిడ్ కిట్ లేదు. మీది చదివి రేపు ఏ కుర్రాడో ఆ లిస్టు ప్రకారమే బ్యాగు సర్దుకుంటే? వచ్చే ఆదివారం ఆ బాక్సు సరిచేసి మళ్లీ వేయండి.

- ఒక పాఠకుడు